48 సార్లు ఆపించిన గని ఎందుకు పేలింది: ఒక లాయరు ఉద్యోగ జీవితంలో దొరికే జవాబు

అమెరికాలోని వెస్ట్ వర్జీనియాలో అప్పర్ బిగ్ బ్రాంచ్ అనే బొగ్గు గని ఉండేది. 2009 ఒక్క ఏడాదిలోనే ప్రభుత్వ ఇన్‌స్పెక్టర్లు దానికి 515 ఉల్లంఘన నోటీసులు, ఆదేశాలు ఇచ్చారు. వాటిలో 48 మామూలు నోటీసులు కావు, ఫలానా చోట పని ఆపి మనుషుల్ని బయటికి పంపమనే ఆదేశాలు. దాదాపు వారానికి ఒకసారి ఆ గనిలో ఏదో ఒక మూల పని ఆగిందన్నమాట. 2010 ఏప్రిల్ 5న గని పేలింది. 29 మంది చనిపోయారు.

అధికారులు నిద్రపోయారని తేల్చేద్దామంటే, 515 నోటీసులు రాసినవాళ్లను ఆ మాట అనలేం. ప్రమాదమని ఎవరికీ తెలియదని సరిపెట్టుకుందామంటే, ఆ నోటీసుల్లో రాసి ఉన్నదే ప్రమాదం గురించి. అందరికీ తెలిసి, కాగితం మీద కూడా ఎక్కిన ప్రమాదం ఎందుకు ఆగలేదు?

వెస్ట్ వర్జీనియా గవర్నర్ ఈ ప్రశ్నను ఒక స్వతంత్ర దర్యాప్తు బృందానికి అప్పగించారు. బృందానికి నాయకుడు డేవిట్ మెకాటీర్. ఆయన మైనింగ్ ఇంజనీరు కాదు, లాయరు. ఒకప్పుడు దేశంలోని గనులన్నిటికీ భద్రతాధికారిగా పనిచేసినవాడు. ఇంజనీర్లు చేయాల్సిన పనికి లాయరెందుకు అనుకునేవాళ్లకు ఆయన ఉద్యోగ జీవితమే సమాధానం. నా ఉద్దేశంలో గని భద్రత అసలు చిక్కు గాలి దగ్గరో గ్యాస్ దగ్గరో లేదు. ఏది రుజువు, ఎప్పటికి రుజువైనట్టు, అప్పటిదాకా పని నడవొచ్చా లేదా అన్న దగ్గర ఉంది.

మెకాటీర్‌ది అదే రాష్ట్రంలోని ఫెయిర్‌మాంట్ అనే ఊరు. చుట్టూ బొగ్గు గనులే. ఊరికి కొద్ది మైళ్ల దూరంలోని మొనోంగాలో 1907 డిసెంబర్ 6న జరిగిన పేలుడు అమెరికా గనుల చరిత్రలోకెల్లా పెద్దది, అధికారిక లెక్క ప్రకారం 362 మంది పోయారు. అసలు సంఖ్య దానికంటే చాలా ఎక్కువని తర్వాతి కాలంలో మెకాటీర్ పుస్తకమే రాశారు. కానీ ఆయన్ని ఈ దారి పట్టించింది మొనోంగా కాదు, అదే ప్రాంతంలోని ఫార్మింగ్టన్. 1968 నవంబర్ 20 తెల్లవారుజామున అక్కడి గని పేలినప్పుడు లోపల 99 మంది ఉన్నారు. 21 మంది బయటపడ్డారు. లోపలి మంటలు ఆరక పది రోజుల తర్వాత గని నోరు మూసేశారు. తర్వాత మళ్లీ తెరిచి వెతికినా 78 మంది మృతుల్లో 19 మంది శవాలు ఇప్పటికీ దొరకలేదు.

అప్పుడు మెకాటీర్ వెస్ట్ వర్జీనియా యూనివర్సిటీలో లా విద్యార్థి. రాష్ట్రంలో గని భద్రత చట్టాలు ఎలా అమలవుతున్నాయో తోటి విద్యార్థులను కూడగట్టి అధ్యయనం మొదలుపెట్టారు. వినియోగదారుల హక్కుల పోరాటంతో అప్పటికే పేరున్న రాల్ఫ్ నాదర్ దీనికి అండగా నిలిచారు. 1969 ఫిబ్రవరిలో బ్లాక్ లంగ్ జబ్బుకు పరిహారం ఇవ్వాలంటూ అదే రాష్ట్రంలో సుమారు 40 వేల మంది కార్మికులు పని మానేశారు. బొగ్గు దుమ్ము పీల్చీ పీల్చీ ఊపిరితిత్తులు గట్టిపడిపోయే జబ్బు అది. ఇన్ని ఒత్తిళ్లు కలిసి ఆ ఏడాది డిసెంబర్ 30న అధ్యక్షుడు నిక్సన్ చేత గని భద్రత చట్టం మీద సంతకం పెట్టించాయి.

ఆ చట్టం చాలా గట్టిది. భూగర్భ గనిని ఏడాదికి నాలుగుసార్లు తప్పనిసరిగా, పూర్తిగా తనిఖీ చేయాలి. ముందుగా కబురు పెట్టకూడదు. ఫ్యాక్టరీలు, కట్టడాల పనులు చూసే ఓషా అనే మరో విభాగానికి ఇలాంటి లెక్క ఏదీ లేదు. ఈ తేడాను సుప్రీంకోర్టు కూడా ఒప్పుకుంది. యజమాని కాదంటే ఓషా ఇన్‌స్పెక్టర్ వారంట్ తెచ్చుకోవాలని 1978లో చెప్పింది, గనులకు మాత్రం వారంట్ అక్కర్లేదని 1981లో తీర్పిచ్చింది. గని అంత ప్రమాదకరమైన చోటు కాబట్టి యజమాని గోప్యత హక్కు అక్కడ వెనక్కి తగ్గాల్సిందేనని దాని భావం.

1970ల్లో మెకాటీర్ గని కార్మికుల యూనియన్‌లో భద్రత వ్యవహారాల లాయరుగా చేరారు. ఆ రోజుల్లోనే 1976 మార్చిలో కెంటకీలోని స్కోషియా గని మూడు రోజుల వ్యవధిలో రెండుసార్లు పేలింది. మొదటిసారి 15 మంది, రెండోసారి 11 మంది. ఆ 11 మందిలో ముగ్గురు ప్రభుత్వ ఇన్‌స్పెక్టర్లే. స్కోషియాకు అంతకుముందు నోటీసులు కుప్పలుగా వెళ్లాయి. కంపెనీ ప్రతిసారీ ఆ ఒక్క తప్పూ సరిచేసుకోవడం, మళ్లీ అదే తప్పు చేయడం. దీన్ని చూసే 1977లో అమెరికా పార్లమెంటైన కాంగ్రెస్ చట్టానికి ఒక కొత్త ఆయుధం చేర్చింది. తీవ్రమైన తప్పులు మళ్లీ మళ్లీ చేసే గనిని ఒక ప్రత్యేక జాబితాలో పెట్టాలి. ఒకసారి జాబితాకెక్కితే, ఆపైన దొరికే ప్రతి తీవ్రమైన తప్పుకూ పని ఆగిపోవాల్సిందే. అదే చట్టం గని భద్రతను గనుల తవ్వకాన్ని ప్రోత్సహించే శాఖ నుంచి తప్పించి కార్మిక శాఖ కిందికి తెచ్చింది. ఎంషా అని పిలిచే విభాగం అలా పుట్టింది.

ఆ ప్రత్యేక జాబితా సంగతి గుర్తుంచుకోండి, కథంతా దాని చుట్టూనే తిరుగుతుంది.

1984లో మెకాటీర్ భద్రత చట్టాల మీద పనిచేసే సొంత న్యాయ కేంద్రం పెట్టుకున్నారు. క్లింటన్ ప్రభుత్వం 1994లో ఆయన్ని ఎంషా అధిపతిని చేసింది. పాతికేళ్లు బయట నిలబడి వేలెత్తి చూపిన మనిషి కుర్చీలోకి వచ్చారు. వచ్చేసరికి బల్ల మీద ఓడిపోవడానికి సిద్ధంగా ఉన్న ఒక పెద్ద కేసు ఉంది.

గనిలో గాలి ఎంత మురికిగా ఉందో కొలవడానికి కార్మికుడి చొక్కాకు చిన్న పంపు తగిలిస్తారు. అది పీల్చిన గాలి ఒక తెల్లటి ఫిల్టర్ బిళ్ల గుండా పోతుంది, దుమ్ము బిళ్ల మీద నల్లగా పేరుకుంటుంది. బిళ్లను ప్రభుత్వ ల్యాబ్‌కు పంపితే తూకం వేసి లెక్క చెబుతారు. ఘనపు మీటరుకు 2 మిల్లీగ్రాములు దాటకూడదు. ఇక్కడి తమాషా ఏమిటంటే, పంపు తగిలించేదీ కంపెనీయే, బిళ్ల పంపేదీ కంపెనీయే. 1980ల చివర్లో ల్యాబ్ వాళ్లకు కొన్ని బిళ్లలు వింతగా కనిపించాయి. అంచులంతా నల్లగా, నడిమధ్య గుండ్రంగా తెల్లటి మచ్చ. దుమ్ము బరువు తగ్గించడానికి ఎవరో వెనకనుంచి గాలి ఊదారని ప్రభుత్వం నిర్ధారణకు వచ్చింది. 1991లో సుమారు 500 కంపెనీల మీద దుమ్ము నమూనాలను తారుమారు చేశారని ఆరోపణ మోపింది.

విచారణలో కంపెనీల లాయర్లు అడిగింది ఒక్కటే: ఊదితేనే ఆ మచ్చ వస్తుందా? బిళ్ల కింద పడితే రాదా? గొట్టం మీద ఎవరైనా కాలు వేస్తే రాదా? నిపుణులు ప్రయోగాలు చేసి చూపించారు, అలా కూడా రావచ్చని తేలింది. ఫలానా బిళ్ల మీది మచ్చ కావాలనే చేసిందని ఒక్కో కేసులో విడిగా నిరూపించాల్సి వచ్చింది, అది కుదరలేదు. 1995లో ట్రిబ్యునల్ లాంటి కమిషన్ ముందు, 1998లో అప్పీలు కోర్టులో ప్రభుత్వం ఓడింది. మోసం చేసి నేరం ఒప్పుకున్న కంపెనీలూ ఉన్నాయి. కానీ మచ్చను పట్టుకుని అందరినీ ఒకే గాట కట్టేద్దామన్న ఎత్తు పారలేదు.

నాకు ఈ కేసు మొత్తం కథకే తాళం చెవిలా కనిపిస్తుంది. గనిలో పనిచేసే ఎవర్ని అడిగినా నమూనాల్లో మోసం జరుగుతోందనే చెబుతారు. కానీ అందరికీ తెలిసిన విషయం వేరు, విచారణలో నిలబడే విషయం వేరు. లాయరైన మెకాటీర్‌కు ఇది అందరికంటే బాగా తెలుసు. పైగా 1996, 97 సంవత్సరాల్లో ఎంషాతో పాటు కార్మిక శాఖ న్యాయ విభాగానికి కూడా ఆయనే తాత్కాలిక అధిపతి. వాదనను గెలిపించలేనప్పుడు వాదించే అవసరమే లేకుండా చేయాలన్నది ఆయన ఎంచుకున్న మార్గం. నమూనాలు తీసే పని కంపెనీల చేతిలోంచి తప్పించి ప్రభుత్వమే తీసేలా 2000 జులైలో కొత్త నిబంధనలు ప్రతిపాదించారు. అవి ఖరారయ్యేలోపు ప్రభుత్వం మారింది. ప్రతిపాదన అటకెక్కింది.

ఇక్కడ ఆయన్ని కూడా ఒక మాట అనాలి. తీవ్రమైన తప్పులు పదేపదే చేసే గనుల జాబితా గురించి పైన చెప్పానుగా. 1977లో వచ్చిన ఆ అధికారానికి అమలు నిబంధనలు 1990లో వచ్చాయి. మెకాటీర్ ఆరేళ్లకు పైగా ఎంషాను నడిపారు. ఆ కాలంలో ఒక్క గని కూడా ఆ జాబితాకెక్కలేదు. ఆయన ముందు వచ్చినవాళ్లూ, తర్వాత వచ్చినవాళ్లూ దాన్ని వాడలేదు కాబట్టి తప్పు ఆయన ఒక్కరిదే అనలేం. అయినా ఆ ఆయుధం ఎందుకు పుట్టిందో తెలిసిన మనిషి కుర్చీలో ఉండగా కూడా అది ఒరలోంచి బయటికి రాలేదన్నది నిజం.

పదవి దిగాక ఆయన ఒక యూనివర్సిటీలో చేరారు. 2006 జనవరి 2న వెస్ట్ వర్జీనియాలోని సేగో గని పేలడంతో గవర్నర్ జో మాంచిన్ దర్యాప్తు బాధ్యత అప్పగించారు. గనిలో వాడని భాగాన్ని గోడ కట్టి మూసేశారు, ఆ గోడ వెనక మండే గుణమున్న మీథేన్ గ్యాస్ చేరింది, బహుశా పిడుగు వల్ల అంటుకుంది. చదరపు అంగుళానికి 20 పౌండ్ల ఒత్తిడిని తట్టుకుంటే చాలన్న లెక్కతో కట్టిన గోడ పిండి పిండి అయిపోయింది. పేలుడులో ఒకరు చనిపోగా, 12 మంది లోపల తెర కట్టుకుని దాని వెనక కూర్చున్నారు. పైకప్పుకు బిగించిన బోల్టును సుత్తితో కొట్టి పైవాళ్లకు వినిపించాలని చూశారు. పైన వినేవాళ్లు లేరు. దాదాపు 41 గంటల తర్వాత రక్షకులు చేరేసరికి ఒక్కరే ప్రాణంతో ఉన్నారు. అంతకుముందే 12 మందీ బతికే ఉన్నారన్న తప్పుడు కబురు బయట చర్చిలో ఎదురుచూస్తున్న కుటుంబాలకు చేరింది. దాదాపు మూడు గంటల పాటు వాళ్లు పండగ చేసుకున్నారు.

లోపలున్న మనుషులకు కబురు పంపే సాధనమే లేదా? ఉంది. నేల గుండా సందేశం పంపే పేజర్ లాంటి పరికరం ఆస్ట్రేలియాలో తయారైంది. 1998లో యూటాలోని విల్లో క్రీక్ గనిలో మంటలు లేచినప్పుడు కార్మికులను బయటికి రప్పించింది అదే. పెట్టుకోవచ్చు, కానీ పెట్టుకుని తీరాలని చట్టం చెప్పలేదు, కాబట్టి చాలామంది పెట్టుకోలేదు. సేగో తర్వాత ఆరు నెలలు తిరక్కుండానే, 2006 జూన్ 15న కొత్త చట్టం వచ్చింది. అదనపు ఆక్సిజన్ పరికరాలు, వైర్‌లెస్ మాటామంతీ, ఎవరెక్కడున్నారో పైనుంచి కనిపెట్టే ఏర్పాటు, ప్రమాదం జరిగితే 15 నిమిషాల్లో కబురు, మరీ ఘోరమైన తప్పులకు 2,20,000 డాలర్ల దాకా జరిమానా.

జరిమానాలు పెరిగాయని అందరూ సంతోషించారు. నాలుగేళ్ల తర్వాత అప్పర్ బిగ్ బ్రాంచ్‌లో ఎదురుతిరిగింది ఆ పెంపే. ఆ మెలిక ఇది.

ఇన్‌స్పెక్టర్ నోటీసు రాస్తే అది ట్రాఫిక్ చలాన్ లాంటిది, కట్టేయొచ్చు, కాదని వాదించొచ్చు. వాదిస్తే కేసు స్వతంత్ర కమిషన్ ముందుకు పోతుంది, అక్కడ తేలేదాకా జరిమానా కట్టక్కర్లేదు. ఈ హక్కు ఉండాల్సిందే, ఒక ఇన్‌స్పెక్టర్ అభిప్రాయమే వేదం కాకూడదు కదా. జరిమానాలు చిన్నవిగా ఉన్నంతకాలం కంపెనీలు కట్టేసి ఊరుకునేవి. పెద్దవి కాగానే ప్రతిదానికీ వాదన మొదలైంది. 2010 నాటికి కమిషన్ దగ్గర పెండింగ్ కేసులు 16 వేలు దాటాయి. ఒక్కోటీ తేలడానికి ఏళ్లు పట్టేది.

జాబితాకు ఎక్కాలంటే 1990 నాటి నిబంధన ప్రకారం తుది తీర్పు వచ్చిన తప్పులనే లెక్కలోకి తీసుకోవాలి. వాదనలో ఉన్న తప్పు లెక్కకు రాదు. అంటే కంపెనీ లాయర్లు కేసు గెలవక్కర్లేదు. తేలకుండా సాగదీస్తే చాలు, గని జాబితాకెక్కదు. జాబితాకెక్కకపోతే పని ఆపే ఆదేశం ఆ ఒక్క చోటికి, ఆ ఒక్క తప్పుకే పరిమితం. సరిచేశామని చూపించగానే పని మళ్లీ మొదలు. 48 సార్లు ఆపించిన గని 48 సార్లు తిరిగి మొదలైంది. దీనికి తోడు ఎంషా కంప్యూటర్ ప్రోగ్రాంలో ఒక పొరపాటు వల్ల, జాబితాకు ముందు మెట్టైన హెచ్చరిక లేఖ కూడా ఆ గనికి వెళ్లలేదు.

కిందికి దిగి చూస్తే పరిస్థితి ఇంకా అన్యాయం. బొగ్గు దుమ్ము అంటుకోకుండా గని గోడల మీద, నేల మీద సున్నపురాయి పొడి చల్లడం వందేళ్లనాటి ఉపాయం. తగినంత పొడి ఉంటే చిన్న గ్యాస్ మంట అక్కడికక్కడే చస్తుంది. లేకపోతే దుమ్మునే ఇంధనం చేసుకుని మైళ్ల దూరం పరుగెత్తుతుంది. ఇంత పెద్ద గనిలో ఆ పొడి చల్లే పని ఇద్దరు మనుషులకు, తరచూ మొరాయించే ఒక పాత యంత్రానికి వదిలేశారు. బొగ్గు కోసే యంత్రానికి పళ్లు అరిగిపోయాయి, అవి రాతికి తగిలి నిప్పురవ్వ లేచింది. ఆ రవ్వను ఆర్పాల్సిన నీటి జల్లులు కొన్ని అక్కడ లేనే లేవు.

వారంట్ అక్కర్లేని ఆకస్మిక తనిఖీ ఏమైందంటారా? గేటు దగ్గర గార్డు రేడియోలో చెప్పేవాడు, అక్కడినుంచి కబురు లోపలికి పోయేది. ఇన్‌స్పెక్టర్ సొరంగంలో మైళ్లు దాటి వెళ్లేలోపు లోపల సర్దుబాట్లు అయిపోయేవి. చట్టం ప్రకారం రాయాల్సిన రిజిస్టర్‌లో లేని ప్రమాదాలను కంపెనీ తన ఉత్పత్తి లెక్కల పుస్తకంలో రాసుకునేదని ఎంషా దర్యాప్తులో బయటపడింది. సుప్రీంకోర్టు దాకా వెళ్లి గెలిచిన అధికారానికి ఒక గార్డు, ఒక వాకీటాకీ సరిపోయాయి.

మెకాటీర్ బృందం 2011 మేలో నివేదిక ఇచ్చింది. నేల చీలి ఒక్కసారిగా గ్యాస్ ఎగదన్నింది, అది దైవాధీనం అన్న కంపెనీ వాదనను తోసిపుచ్చింది. దీనికి మూలం ఆ గని యజమాని మాసీ ఎనర్జీ కంపెనీ దాన్ని నడిపిన తీరేనంది. పనిలో పనిగా తాను ఒకప్పుడు నడిపిన ఎంషాను కూడా వదల్లేదు. ఉన్న అధికారాలు వాడుకోలేదని గట్టిగానే రాసింది. కంపెనీ పెద్దల్లో 18 మంది దర్యాప్తుదారుల ముందు నోరు విప్పలేదు.

శిక్షల లెక్క చూస్తే చట్టం దేనికి విలువ ఇస్తుందో తెలిసిపోతుంది. దర్యాప్తులో అబద్ధమాడి, కాగితాలు నాశనం చేయించబోయిన సెక్యూరిటీ అధికారికి మూడేళ్ల జైలు. కంపెనీ అధినేత డాన్ బ్లాంకెన్‌షిప్‌ను 2015 డిసెంబర్ 3న జ్యూరీ దోషిగా తేల్చింది, గని భద్రత నిబంధనలను కావాలని ఉల్లంఘించే కుట్ర చేశారని. పడిన శిక్ష ఏడాది జైలు, 2,50,000 డాలర్ల జరిమానా. జడ్జి కనికరించి తగ్గించింది కాదు, చట్టంలో ఆ నేరానికి గరిష్ఠ శిక్షే అంత. షేర్లు కొన్నవాళ్లకు, స్టాక్ మార్కెట్ నియంత్రణ సంస్థకు భద్రత గురించి అబద్ధం చెప్పారన్న ఆరోపణలు రుజువై ఉంటే శిక్ష చాలా ఏళ్లు ఉండేది. వాటిలో నిర్దోషిగా బయటపడ్డారు.

జాబితా లొసుగును పూడ్చడానికి కొంత సమయం పట్టింది. చట్టం వచ్చిన 34 ఏళ్లకు, 2011లో తొలిసారి గనులు ఆ జాబితాకెక్కాయి. తుది తీర్పు దాకా ఆగాలన్న షరతును 2013లో తీసేశారు. సున్నపురాయి పొడి పాళ్లను కూడా పెంచారు.

మెకాటీర్ నివేదికలో పేలుడుతో నేరుగా సంబంధం లేని ఒక అధ్యాయం నన్ను ఎక్కువగా ఆపేసింది. శవపరీక్షల్లో 24 మంది ఊపిరితిత్తులను పరిశీలించే వీలు దొరికింది. వారిలో 17 మందికి బ్లాక్ లంగ్ ఉంది. వాళ్లందరూ ముసలివాళ్లు కాదు, పాతిక దాటిన కుర్రవాళ్లు కూడా ఉన్నారు. అంటే ఆ గని పేలకపోయినా వాళ్లలో చాలామందిని మెల్లగా తినేసేదే. 2 మిల్లీగ్రాముల పరిమితి కాగితం మీద అమల్లో ఉన్న కాలంలో పట్టిన జబ్బు అది. 2000లో అటకెక్కిన నిబంధనలకు 2014లో మరో రూపం వచ్చింది. పరిమితి 1.5కు తగ్గింది, పని నడుస్తుండగానే దుమ్ము లెక్క చూపే పరికరం తప్పనిసరి అయ్యింది. నమూనాలు తీసేది మాత్రం ఇప్పటికీ చాలావరకు కంపెనీలే.

ఈలోగా గనుల్లో మంచి బొగ్గు పొరలు తరిగిపోయాయి. సన్నటి పొరల కోసం రాతిని కోస్తున్నారు, దాంతో గాలిలో సిలికా పెరిగింది. ఊపిరితిత్తులకు బొగ్గు దుమ్ముకంటే ఇదే ఎక్కువ చేటు. సిలికా పరిమితి ఘనపు మీటరుకు 50 మైక్రోగ్రాములు ఉండాలని ప్రభుత్వ పరిశోధన సంస్థ 1974లోనే చెప్పింది. ఎంషా ఆ అంకెను గనులకు నిబంధన చేసింది 2024 ఏప్రిల్‌లో. బొగ్గు గనులకు అది అమల్లోకి రావాల్సిన గడువు 2025 ఏప్రిల్ 14. దానికి పది రోజుల ముందు కంపెనీల సంఘాల పిటిషన్ మీద అప్పీలు కోర్టు స్టే ఇచ్చింది.